మా అత్తగారి మణిపురి పొయ్యి కథలు వీడియోలుగా పెట్టాలంటే ఎలా పెట్టాలి?

కృష్ణాతీరం:

అందరికీ నమస్తే. మాది గుడివాడ దగ్గర పల్లె. మా ఆయన మణిపుర్‌లోని మైతేయి జాతివారు. వాళ్ళది ఇంఫాల్ లోయలో తౌబాల్ వైపు ఊరు. మేం హైదరాబాద్‌లో ఉంటాం. 2023 మేలో అక్కడ గొడవలు మొదలయ్యాక మా అత్తగారు మా దగ్గరికి వచ్చేశారు. ఆవిణ్ణి నేను ఇమా అని పిలుస్తాను, మా పాప అబోక్ అంటుంది.

ఇమాకు కథలు చాలా వచ్చు. పొయ్యి చుట్టూ కూర్చుని పెద్దవాళ్ళు పిల్లలకు చెప్పే ఈ కథల్ని వాళ్ళు ఫుంగా వారీ అంటారు. మా ఇంట్లో ఉన్నది గ్యాస్ స్టవ్వే అయినా, నేను వంట చేస్తుంటే ఆవిడ వంటింటి గుమ్మం దగ్గర పీట వేసుకుని కూర్చుంటారు. పాప వచ్చి కాళ్ళ దగ్గర కూలబడుతుంది. ఇక కథ మొదలు.

ఎక్కువసార్లు నడిచేది ముసలాయనా ముసలమ్మా చామదుంపలు నాటిన కథ, హనుబా హనుబీ. పిల్లలు లేని ముసలి దంపతులు. కోతుల్ని సొంత బిడ్డల్లా చూసుకుంటారు. ఆ కోతులే ఒకరోజు సలహా ఇస్తాయి: దుంపల్ని బాగా ఉడకబెట్టి, ఆకుల్లో చుట్టి నాటండి, తెల్లారేసరికి మొక్కలొచ్చేస్తాయి అని. వీళ్ళు పాపం నమ్మి అలాగే చేస్తారు. రాత్రికి కోతులొచ్చి ఉడికిన దుంపలన్నీ తినేసి, వాటి చోట అడవి చామ మొక్కలు పాతి పోతాయి. పొద్దున లేచి పచ్చగా ఉన్న చేను చూసుకుని ఇద్దరూ మురిసిపోతారు. కోసి వండుకుని తింటే గొంతు దురద! చామదుంప సరిగ్గా ఉడక్కపోతే గొంతు ఎలా పట్టేస్తుందో మనకూ తెలుసు కదా. ఆ తర్వాత ముసలాయన చచ్చిపోయినట్టు పడుకుని, ఏడవడానికి వచ్చిన కోతుల్ని లేచి కర్రతో బాదుతాడు. కోతులు పగబట్టి దండుగా తిరిగొస్తాయి. దంపతులిద్దరూ పెద్ద కుండలో దాక్కుంటారు. సరిగ్గా అప్పుడే ముసలాయనకు కడుపులో గ్యాసు. ఆపుకోలేక వదిలేస్తాడు. కుండలో ఆ మోతకు కోతులన్నీ హడలిపోయి పరుగో పరుగు. మా ఇమా చెప్పే తీరు ఇది.

అసలు సంగతి ఆవిడ చెప్పే పద్ధతిలో ఉంది. దుంపలు ఉడికే చోట కథ ఆపేస్తారు. గుప్పిట ముందుకు చాపి "ఉడికిందా చూడు" అంటారు. పాప ఆ గుప్పిటను రెండు వేళ్ళతో నొక్కి "ఇంకా లేదు" అనాలి. మళ్ళీ కాసేపు పొయ్యి ఊదుతారు. మళ్ళీ చాపుతారు. పాప "ఉడికింది" అంటే తప్ప కథ ముందుకు పోదు. ఒక్కోరోజు పాప కావాలనే చాలాసేపు ఉడకనివ్వదు. ఆవిడ ఒక్కసారీ విసుక్కోరు. మనింట్లో పిల్లలు ఊ కొట్టకపోతే తాతయ్య కథ ఆపేసేవాడు కదా, ఇక్కడ ఆ ఊ కొట్టడం చేతి వేళ్ళదాకా వచ్చింది.

మా ఆయన చిన్నాన్న కొడుకు బెంగళూరులో ఉంటాడు, వీడియోలు బాగా చేస్తాడు. పండక్కి వచ్చినప్పుడు ఈ కథ ఫోన్‌లో రికార్డు చేసుకుని నిమిషం రీల్ చేసి పెట్టాడు. వెనక వేణువు, కంప్యూటర్‌తో గీయించిన కోతుల బొమ్మలు, గబగబా మారే సీన్లు. చూసినవాళ్ళు ఎక్కువే, మెచ్చుకుంటూ బోలెడు కామెంట్లు. వాడు ఎంతో ప్రేమతో చేశాడు, అందులో అనుమానం లేదు. కానీ ఇమా అది చూసి అడిగిన మొదటి మాట "పాప ఏదీ?" అని. పాప మాటల్ని వెనక వచ్చే గోల అనుకుని తీసేశాడు. ఉడికిందా లేదా అన్న చోటు నిడివి పెరుగుతోందని తీసేశాడు. కుండలో సంగతి బాగుండదని తీసేశాడు. మిగిలినది కథే, కాదనను. కాకపోతే అది మా ఇంట్లో వినే కథ కాదు.

నేనిప్పుడు ఈ కథల్ని సరిగ్గా రికార్డు చేసి పెట్టాలనుకుంటున్నాను. మా పాప వయసు మైతేయి పిల్లలు హైదరాబాద్, బెంగళూరు, ఢిల్లీలలో చాలామంది పెరుగుతున్నారు. అందరి ఇళ్ళల్లో అబోక్ ఉండదు. నా సందేహాలు ఇవి. మొత్తం కథ ఒకే వీడియోగా పెడితే ఎవరైనా చూస్తారా? కింద అక్షరాలు ఏ లిపిలో వెయ్యాలి? తెలుగులో కూడా వెయ్యాలని నా ఆశ, మా అమ్మ చూడాలి కదా. పాప పక్కన ఉంటే ఇమా బాగా చెబుతారు, ఫోన్ ఎదురుగా పెడితే బిగుసుకుపోతారు. దీనికి ఏం చెయ్యాలి? అనుభవం ఉన్నవాళ్ళు చెప్పండి.

రిటైర్డ్_మాష్టారు:

అమ్మా, నీ పోస్టు చదివి చాలా సంతోషించాను. 1990లలో నేను ఇంఫాల్‌లో ఉద్యోగం చేశాను. నిడివి గురించి నువ్వు భయపడుతున్నావు కాబట్టి అక్కడ నేను చూసింది చెబుతాను.

ఇంట్లో పెద్దవాళ్ళు చెప్పే కథలు వేరు, సభలో కూర్చుని చెప్పే వారీ లీబా వేరు. రెండోది విద్య, గురువు దగ్గర నేర్చుకుంటారు. మా ఇంటి ఓనరుగారు నన్ను ఒకసారి తీసుకెళ్ళారు. మండపంలో ఒకే ఒక మనిషి, తెల్ల బట్టల్లో, చాప మీద కూర్చున్నాడు. పక్కన వాయిద్యం లేదు, వంత లేదు. మన హరికథలో ఉండే చిరతలూ గజ్జెలూ చిందులూ ఏమీ లేవు. ఉన్నదల్లా గొంతే. భారతంలో ఘట్టం చెప్పాడు. నాకు అప్పటికి ఆ భాష బజారు బేరాల వరకే వచ్చు. అయినా కర్ణుడి దగ్గరికి కుంతి వచ్చిందని నాకు తెలిసిపోయింది, ఎందుకంటే ఆయన గొంతు ఒక్కసారిగా దిగిపోయింది, పక్కనున్న ముసలావిడలు పైన కప్పుకునే ఇన్నఫీ కొంగుతో కళ్ళు ఒత్తుకుంటున్నారు. ఎవరూ లేచి వెళ్ళలేదు. గంటల తరబడి సాగింది.

ఇంఫాల్‌లో ఆకాశవాణి 1963లో మొదలైంది. ఓనరుగారి భార్య సాయంత్రం రేడియో పెట్టుకుని వారీ వింటూ కూరగాయలు తరిగేది. అంటే మనిషి ముఖం కనబడకపోయినా ఆ కథ నిలబడింది. తర్వాత క్యాసెట్లు వచ్చాయి. ఇప్పుడు యూట్యూబ్‌లో వెతికితే గంట దాటిన వారీ లీబా రికార్డింగులు దొరుకుతున్నాయి, నేను రాత్రిళ్ళు నిద్ర పట్టనప్పుడు వింటుంటాను.

ఇంకో సంగతి. ఖోంగ్‌జోమ్ పర్వ అని వీరగాథ ఉంది. 1891 ఏప్రిల్ 23న ఖోంగ్‌జోమ్ దగ్గర బ్రిటిష్ సేనతో పోరాడుతూ మణిపుర్ సేనాని పావొనా బ్రజబాసి, ఆయన మనుషులు ప్రాణాలిచ్చారు. ఆ యుద్ధాన్ని పాటగా కట్టి పాడటం మొదలుపెట్టింది లెయినౌ అనే చాకలి మనిషి అని అక్కడ చెబుతారు. చేతికి దొరికిన డబ్బా మీద దరువేస్తూ పాడాడట. ఆ డబ్బా స్థానంలోకి తర్వాత ఢోలక్ వచ్చింది. ఆడవాళ్ళు కూడా ఆ విద్యలో పేరు తెచ్చుకున్నారు. అప్పుడే జరిగిన యుద్ధాన్ని వీధిలో నిలబడి చెప్పిన పాట అది. దాన్ని పుట్టించిన సమాజం ఫోన్‌ను చూసి జంకదు. నువ్వు కూడా జంకకు తల్లీ. మొత్తం కథ పెట్టు. వినేవాళ్ళు వింటారు.

ఇంఫాల్_టు_మియాపూర్:

ఇతైమా, నమస్తే. మా వాళ్ళింటి కోడలు కాబట్టి మీరు నాకు వదిన వరసే. నేను పుట్టింది ఇంఫాల్‌లో, ఇంజనీరింగ్ నుంచి హైదరాబాద్‌లోనే ఉన్నాను. తెలుగులో తప్పులుంటే సర్దుకోండి.

"పాప ఏదీ" అన్న మాట దగ్గర చాలాసేపు ఆగిపోయాను. మా అబోక్ పోయింది. ఆవిడ చెప్పిన కథలు ఒక్కటీ రికార్డు కాలేదు. కైబు కైయోయిబా కథలో పులి తలకాయ ఉన్నవాడు తలుపు దగ్గరికి వచ్చి పిల్ల అన్నల గొంతుతో పిలిచే చోట ఆవిడ మా ఇంటి తలుపునే గోటితో గీకేది. ఆ చప్పుడు ఏ వీడియోలోనూ లేదు. మీరు తప్పకుండా రికార్డు చెయ్యండి, వాయిదా వెయ్యకండి.

లిపి సంగతి. ఇది మా దగ్గర సున్నితమైన విషయం. మా అమ్మానాన్నల తరం మణిపురిని బెంగాలీ లిపిలో చదువుకుంది. మైతేయి మయేక్ మా సొంత లిపి. బడుల్లో 2006 ప్రాంతం నుంచి మెల్లగా తెచ్చారు. 2009లో యూనికోడ్‌లోకి వచ్చింది కాబట్టి ఏ ఫోన్‌లో అయినా రాయొచ్చు. 2023 జనవరి నుంచి ఇంఫాల్ పత్రికలు కూడా మయేక్‌కు మారాయి. అయితే మీ అత్తగారి వయసు వాళ్ళకు మయేక్ కష్టం, అక్కడి బడిపిల్లలకు బెంగాలీ లిపి రాదు, మీ పాపకూ నా కొడుక్కీ రెండూ రావు! అందుకే గొంతు ముఖ్యం. నా సలహా: పేరు మయేక్‌లో, బెంగాలీ లిపిలో, తెలుగులో మూడింటిలోనూ రాయండి. కింద అక్షరాలు తెలుగులో, మయేక్‌లో రెండు విడి ఫైళ్ళుగా పెట్టండి, ఎవరికి కావలసింది వాళ్ళు ఆన్ చేసుకుంటారు. వీడియో మీదే అచ్చొత్తినట్టు వెయ్యకండి, తర్వాత మార్చలేరు. గూగుల్ ట్రాన్స్‌లేట్‌లో 2022 నుంచి మా భాష ఉంది కానీ, ముసలివాళ్ళ మాటలు పెడితే నాకు చిత్రమైన అర్థాలు ఇచ్చింది. మీ ఆయన చేత రాయించండి.

సంగీతం వద్దు. వెనక మా తీగ వాద్యం పెనా పెట్టమని ఎవరో ఒకరు తప్పక అంటారు. పెనా నాకు ప్రాణం. కొబ్బరి చిప్ప, గుర్రపు వెంట్రుకల తీగ ఒక్కటి, కమానుకు చిన్న గజ్జెలు. కమాను ఆడితే గజ్జెలే తాళం. మొయిరాంగ్ ఊరి కథలు, ఖంబా తోయిబీ ప్రేమకథ, దేవుళ్ళ పండగ లాయ్ హరావోబా పాటలు దాని మీద పాడతారు. ఇంఫాల్‌లో లైహుయి బృందం లాంటి వాళ్ళు దాన్ని కొత్త పిల్లలకు అందిస్తున్నారు. కొండల్లో రూబెన్ మషాంగ్వా తాంగ్‌ఖుల్ నాగా పాటల్ని గిటారుతో కలిపి పాడి ఊరూరా తిప్పాడు, 2021లో పద్మశ్రీ కూడా ఇచ్చారు. వాళ్ళు వాద్యం పట్టిన కళాకారులు, వాళ్ళ దారి వాళ్ళది. పొయ్యి దగ్గర కథకు మాత్రం వంటింటి చప్పుళ్ళే బాగుంటాయి. మీరు పప్పు తిరగమోత వేస్తున్న చప్పుడు వినబడినా తియ్యకండి.

కామెంట్ల గురించి కూడా చెప్పాలి. "మా ఊళ్ళో ఇలా కాదు", "ఇది తప్పు" అని వస్తాయి. సంద్రెంబీ చైస్రా కథ పెడితే మరీ ఎక్కువ, ప్రతి ఇంటికీ ఒక ముగింపు ఉంటుంది. పేరు కిందే "తౌబాల్ వైపు మా ఇంట్లో చెప్పే తీరు" అని రాసెయ్యండి. 2023 తర్వాత మణిపుర్ అన్న మాట కనబడితే చాలు, కథతో సంబంధం లేని తిట్లు కూడా వస్తున్నాయి. అవి పాప కంటబడకూడదు. మీరు చూసి అనుమతిస్తేనే కనబడేలా సెట్టింగు పెట్టుకోండి. పాప ముఖం కూడా చూపించకండి, చెయ్యీ గొంతూ చాలు.

ఆఖరుగా ఒకటి. ఫోన్‌లో ఉంది, నెట్‌లో ఉంది అని ధీమాగా ఉండకండి. 2023 మే 3 నుంచి డిసెంబరు మొదటి వారం దాకా మా దగ్గర మొబైల్ నెట్ దాదాపు లేదు. మా పెదనాన్న కూతురు కథల పేజీ నడిపేది, అన్నాళ్ళూ మూతపడింది. రికార్డు చేసినవి మెమరీ కార్డుల్లో చేతులు మారుతూ తిరిగాయి. అసలు ఫైలు హార్డ్ డిస్క్‌లో ఒకటి, ఊళ్ళో బంధువుల ఇంట్లో ఒకటి ఉండాలి.

షార్ట్స్_చేస్తా:

నేను కొంచెం వేరేగా చెబుతాను, మేడమ్, ఏమీ అనుకోకండి. మాష్టారు చెప్పిన గంట వీడియోలు పెద్దవాళ్ళు చూస్తారు. మీరు చేరాలనుకుంటున్నది పిల్లల్ని. వాళ్ళ చేతికి మొదట తగిలేది చిన్న వీడియోనే. మీ మరిది చేసిన రీల్ చూసినవాళ్ళలో ఒక్కరైనా "పూర్తి కథ ఎక్కడుంది" అని అడిగి ఉంటారు, వెళ్ళి చూడండి.

చిన్నగా చెయ్యడంలో తప్పు లేదు. తప్పు ఎక్కడంటే, పెద్ద కథను పిండి నిమిషంలో ఇరికించడం. అలా కాకుండా ఒక ముక్క కోసి ఉన్నదున్నట్టు పెట్టండి. యూట్యూబ్ షార్ట్స్ 2024 అక్టోబరు నుంచి 3 నిమిషాల దాకా ఒప్పుకుంటోంది. దుంప ఉడికిందా లేదా అనే చోటు ఒక్కటే, కట్ లేకుండా, పాప గొంతుతో సహా పెట్టండి. నేనైతే దాన్నే మొదట పెడతాను. పెద్ద వీడియోకి లింకు దానికే తగిలించండి. కుండ సీను గురించి అంత ఆలోచన ఎందుకండీ, పిల్లలు పదిసార్లు చూసేది అదే. తియ్యకండి.

వంతపాట:

నాది జనగామ. మా మేనమామ ఒగ్గు కథ చెప్తడు, నేను ఆయన కథలు రికార్డు చేసి పెడుతుంటాను. మీ ఇమా బిగుసుకుపోవడం గురించి మాత్రమే చెబుతాను, మిగతావి పైన బాగా చెప్పారు.

మామ కూడా మొదట కెమెరా ముందు కూర్చుని ఏకబిగిన అప్పజెప్పినట్టు చెప్పేవాడు. కథ పదిలంగానే ఉంటుంది, ప్రాణం ఉండదు. ఒగ్గు కథలో పక్కన ఉన్నవాడు "ఆఁ, అప్పుడేమైంది" అంటేనే చెప్పేవాడికి ఊపు. అతణ్ణి ఫ్రేమ్ బయట కూర్చోబెట్టాను, లాభం లేదు. ఎదురుగా కూర్చోబెట్టాను, సరిపోయింది. అందుకని ఫోన్‌ను మీ ఇమా ఎదురుగా పెట్టకండి. పాప ఉండాల్సిన చోట పాపే ఉండాలి. ఫోన్ పక్కన, కంటికి కాస్త కింద, గిన్నెల అల్మారాలో ఎక్కడైనా ఆనించండి. రికార్డు నొక్కి మీరు వంట చేసుకోండి. వరసగా కొన్ని రోజులు పెట్టి తీస్తూ పోతే ఆవిడ దాన్ని చూడటం మానేస్తారు. మొదటి రోజులవి పనికిరాకపోయినా తుడిచెయ్యకండి.

ఒకే కథను మళ్ళీ మళ్ళీ తియ్యండి. మామ బీరప్ప కథ చెప్పినప్పుడల్లా ఏదో ఒకచోట కొత్తగా ఒక మాట వేస్తాడు. ఒక్కటే పెడితే అదే అసలు పాఠం అని జనం పట్టుకుంటారు. రెండు మూడు పెడితే కథ ఇట్లనే బతుకుతదని వాళ్ళకే తెలుస్తది.

కృష్ణాతీరం:

అందరికీ చాలా చాలా థ్యాంక్స్. నిన్న రాత్రి మా ఆయనకూ ఇమాకూ ఇవన్నీ చదివి వినిపించాను. మాష్టారు గారూ, మీరు వారీ లీబా విన్న మండపం ఏ పేటలోదని ఇమా అడుగుతున్నారు. గుర్తుంటే రాయండి, ఆవిడ చిన్నప్పుడు నాన్నగారితో వెళ్ళిన చోటేమోనని ఆశ.

ఇలా చేద్దామని అనుకున్నాం. హనుబా హనుబీ కథ మొత్తం ఒకే వీడియో. దుంప ఉడికే ముక్క విడిగా చిన్న వీడియో, ఒక్క కట్ కూడా లేకుండా. పేరు మూడు లిపుల్లో. మయేక్‌లో మా ఆయన రాస్తారు, తెలుగు నేను రాస్తాను. మరిదికి ఫోన్ చేసి అసలు రికార్డు పంపమన్నాను. పాప మాటలు తియ్యకముందు ఫైలు వాడి దగ్గర ఉందట, ఆనందంగా పంపాడు. ఈసారి ఎడిటింగ్ కూడా వాడే చేస్తాడు.

ఇమా పెట్టిన షరతులు రెండు. కుండలో సంగతి ఉండాలి, అది లేకపోతే కోతులు ఎందుకు పారిపోయాయో పిల్లలకు ఎలా తెలుస్తుంది అన్నారు. రెండోది, నైటీలో ఉండగా తియ్యకూడదు. నడుముకు చుట్టుకునే ఫనెక్ కట్టుకుని ఇన్నఫీ వేసుకున్నాకే. ఊళ్ళో వాళ్ళు చూస్తారు కదా! తర్వాత చెప్పాల్సిన కథ కూడా ఆవిడే ఎంచుకున్నారు. తప్తా అన్న పేరు విని పులి జడుసుకునే కథ. వానలు పడుతుండగా తియ్యమన్నారు, బయట చప్పుడు కూడా పడాలట.

ఇంకో చిన్న సందేహం. కాలర్ మైక్ ఒకటే ఉంది. పాప గొంతు చిన్నది. ఒక్క మైక్‌తో ఇద్దరి మాటా పడుతుందా?

వంతపాట:

పడుతుంది. మైక్ ఇమాకు పెట్టకండి, పాప గౌనుకు పెట్టండి. పెద్దావిడ గొంతు అంత దూరం ఎలాగూ వస్తుంది. స్టవ్ మీద ఎగ్జాస్ట్ ఫ్యాన్ ఉంటే మాత్రం ఆ కాసేపు ఆపెయ్యండి, తిరగమోత చప్పుడు బాగుంటుంది కానీ ఫ్యాన్ రొద తర్వాత తియ్యలేం. వాన కథ తీసే రోజు కిటికీ సగమే తెరవండి.